లేని బురుజూ, చువ్వల మేస్త్రీ

ఆ వీధిని చూస్తే, ఏ మంగలో సగం గడ్డం గీసి, మిగతా సగం మర్చిపోయి ఇంటికి వెళ్ళిపోయినట్టు ఉంటుంది. పడమటి పక్క ఇళ్ళన్నీ మూడేసి అంతస్తులు లేచి, బాల్కనీల నిండా బట్టలు ఆరేసుకుని దర్జాగా నిలబడతాయి. తూర్పు పక్కవన్నీ ఒంటంతస్తు ఇళ్ళు. సాయంత్రమయ్యేసరికి ఎదుటి మేడల నీడ వచ్చి మీద పడితే, పెద్దవాళ్ళ మాటల మధ్య ఇరుక్కున్న పిల్లల్లా నోరు మూసుకుని కూర్చుంటాయి.

తూర్పు పక్క ఆరో ఇల్లు తాతది. కప్పు మీద తొమ్మిది స్తంభాల తలలు, ఒక్కో తలకి నాలుగేసి ఇనప చువ్వలు, నడుమెత్తు పొడుచుకొచ్చి ఉంటాయి. పైన మేడ వేద్దామని ముప్పై ఏళ్ళ కిందట వదిలిన చువ్వలవి. ఏటా వానలకు ముందు తాత చిన్న బకెట్లో సిమెంటు పాలు కలుపుకుని పైకెక్కి, ముప్పై ఆరు చువ్వలకీ కుంచెతో పూత పూస్తాడు, తుప్పు పట్టకుండా. చంటిపిల్లకి జుట్టు దువ్వినంత శ్రద్ధ. ఆ శ్రద్ధలో పావు వంతు సొంత జుట్టు మీద పెట్టి ఉంటే ఈపాటికి నాలుగు వెంట్రుకలైనా మిగిలేవని అమ్మమ్మ అంటుంది.

వీధిలో ఆయన్ని చువ్వల మేస్త్రి అంటారు. నలభై ఏళ్ళు దాటింది తాపీ పట్టి. ఎదుటి వరసలో మేడలు సగం ఆయన చేతి మీద లేచినవే. పొద్దున్నే అరుగు మీద కూర్చుని టీ తాగుతూ, తను కట్టిన మూడో అంతస్తుల వైపు తల ఎత్తి చూస్తాడు. అందరికీ మేడలు కట్టినవాడికి సొంతానికి మేడ లేదు. దానికి కారణం ఒక బురుజు. ఆ బురుజు కూడా లేదు. అదీ అసలు తమాషా.

ఊళ్ళో దూది గోదాములున్న కాలంలో, వీధి చివర ఒక నిప్పు కాపలా బురుజు ఉండేది. పైన ఒక మనిషి కూర్చుని, తూర్పు వరస వెనకున్న గోదాముల వైపే చూస్తూ, ఎక్కడైనా పొగ లేస్తే గంట కొట్టేవాడు. ఆ మనిషి చూపుకి ఏదీ అడ్డు రాకూడదని, తూర్పు పక్క ఎవరూ పన్నెండు అడుగులు దాటి కట్టకూడదని పట్టణ ప్రణాళికలో రాశారు. తర్వాత గోదాములు మూతపడ్డాయి. టెలిఫోన్లు వచ్చాయి, నిప్పార్పే బళ్ళు వచ్చాయి. బురుజు ఉన్నచోట ఇప్పుడు మోటారు సైకిళ్ళ స్టాండు ఉంది. రాత మాత్రం అలాగే ఉంది.

ఇల్లు కట్టేటప్పుడు తాత ఈ సంగతి కనుక్కున్నాడా అంటే, కనుక్కోలేదు. మేస్త్రీలందరూ చేసే తప్పే చేశాడు. ముందు స్తంభాలు లేపి చువ్వలు వదిలి, ఆ తర్వాత ఆఫీసుకు వెళ్ళి అడిగాడు. చువ్వలు చూపిస్తే కాదంటారా అని ఆయన ధీమా. కాదన్నారు. అప్పట్నుంచి రెండు మూడేళ్ళకోసారి దరఖాస్తు పెడుతూనే ఉన్నాడు. పదకొండు దరఖాస్తులు, పదకొండు జవాబులు. జవాబులన్నీ ఒక్క అచ్చులో పోసిన ఇటుకలే. "కాపలా బురుజు చూపునకు అడ్డగును గనుక అనుమతి నిరాకరించడమైనది."

ఒకసారైతే, చువ్వలు కూడా చూపుకి అడ్డేనని నోటీసు పంపారు. తాత స్వయంగా వెళ్ళి, "కాపలావాణ్ణి చువ్వల సందుల్లోంచి చూడమనండి. కుదరకపోతే ఆయన్నే వచ్చి నాతో చెప్పమనండి," అని వచ్చాడు. కాపలావాడు రాలేదు. పాపం, పోయి యాభై ఏళ్ళు.

బురుజు లేదని తాత ప్రతిసారీ చెప్పాడు. "రిజిస్టరులో ఉంది," అని గుమస్తా ప్రతిసారీ అన్నాడు. "అయితే ఎప్పుడు పడగొట్టారో, ఎవరు పడగొట్టారో రుజువు తీసుకురా."

అక్కడికి రాగానే తాత నోరు పడిపోయేది. ఎందుకంటే ఆ బురుజు పడగొట్టింది తాతే.

ఇరవై నాలుగేళ్ళ వయసులో, ఒక కాంట్రాక్టరు కింద, మరో ఐదుగురితో కలిసి, పై నుంచి కింద దాకా ఒక్కో ఇటుకా ఊడదీశాడు. పని పూర్తయ్యాక ఆ కాంట్రాక్టరు కూలి ఇవ్వకుండా, "కావాలంటే ఇటుకలు పట్టుకుపోండ్రా," అని బండెక్కి వెళ్ళిపోయాడు. మళ్ళీ ఆ ఊళ్ళో కనబడలేదు. తాత మూడు వందల ఇరవై నాలుగు ఇటుకలు పట్టుకొచ్చాడు. ఎర్రగా, గట్టిగా, వేలితో కొడితే గిన్నెలా మోగే ఇటుకలు. సొంత ఇల్లు కట్టేదాకా పన్నెండేళ్ళు అద్దిళ్ళ పెరళ్ళలో పేర్చి ఉంచాడు. ఇల్లు మారినప్పుడల్లా ముందు ఇటుకలు బండెక్కేవి, తర్వాత అమ్మమ్మ ఎక్కేది. చివరికి వాటితో పెరట్లోంచి కప్పు మీదికి పద్దెనిమిది మెట్లు కట్టాడు.

అవి మునిసిపాలిటీ ఇటుకలు. చేతిలో చీటీ ముక్క లేదు. "నువ్వు నోరు విప్పావంటే ముందు ఇటుకలేవిరా అంటారు, ఆ తర్వాత బేడీలేస్తారు," అని అమ్మమ్మ మొదట్నుంచీ హడలగొట్టి పెట్టింది. అందుకని ముప్పై ఏళ్ళుగా ఆ ఇంట్లో అందరూ పగలూ రాత్రీ బురుజు తొక్కుకుంటూ పైకెక్కి బట్టలు ఆరేస్తున్నారు. ఆఫీసేమో బురుజు వీధి చివర ఉందని రాసుకుంటోంది.

అలాగే జరిగిపోయేదే, అల్లుడు బస్సులో నిద్రపోకపోతే.

తాత కూతురూ అల్లుడూ ఇద్దరు పిల్లలతో ఆ ఇంట్లోనే ముందు గదిలో ఉంటారు. కూతురు బడిపిల్లల యూనిఫారాలు కుడుతుంది. రెండు మిషన్లు, ఒక పనమ్మాయి. అల్లుడు రాత్రి బస్సు నడుపుతాడు. తెల్లారి వచ్చి పడుకుంటాడు. ఆయన పడుకునే వేళకి ఆవిడ మిషన్లు మొదలవుతాయి. మిషను ఆపితే యూనిఫారాలు ఆగిపోతాయి. ఆపకపోతే నిద్ర ఆగిపోతుంది. చెవుల్లో దూది పెట్టుకుని, తలమీద దిండు పెట్టుకుని, మంచాన్ని వంటింట్లోకి మార్చుకుని అన్నీ చూశాడు. వంటింట్లో అమ్మమ్మ ఉంటుంది. అమ్మమ్మ కంటే మిషన్లే నయమని మళ్ళీ ముందు గదికి వచ్చేశాడు.

ఆ వారం ఒక స్టాపులో బస్సు ఆపి, తలుపు తెరిచి, స్టీరింగు మీద తల పెట్టి అలాగే నిద్రపోయాడు. ఎక్కినవాళ్ళు ఎక్కి కూర్చున్నారు. డ్రైవరు ఏదో ఆలోచిస్తున్నాడనుకున్నారు. ఆగిన బస్సు కాబట్టి సరిపోయింది.

మర్నాడు అన్నాల దగ్గర అల్లుడు ఆ సంగతి తనే చెప్పాడు. ఎవరూ నవ్వలేదు.

"ఊరి అవతల ఒక ఇల్లు చూశాను మావయ్యా," అన్నాడు కంచంలోకి చూస్తూ. "రెండు గదులు. నెలాఖరుకి ఖాళీ అవుతుంది."

"నా పని ఇక్కడ," అంది కూతురు. "ఈ చుట్టుపక్కల బళ్ళన్నీ నా దగ్గరికే వస్తాయి. అక్కడికెళ్ళి మళ్ళీ మొదటికి రావాలి."

"నాకు మాత్రం సరదానా? ఆగి ఉన్న బస్సు గనక ఈసారి చెప్పగలుగుతున్నాను."

అమ్మమ్మ అన్నం వడ్డిస్తున్న గరిటె అలాగే పట్టుకుని తాత వైపు చూసింది. తాత కప్పు వైపు చూశాడు. కప్పు మీద చువ్వలున్నాయి. పైన ఒక్క గది ఉంటే ఆ మనిషి హాయిగా నిద్రపోతాడు. ఇంకో సంగతి కూడా ఉంది. మోకాళ్ళు చూసిన డాక్టరు, "ఈ ఏడాది పనిచేసుకోండి, వచ్చే ఏడు నుంచి పరంజా ఎక్కొద్దు," అన్నాడు. ఆ మేడ తాత తన చేత్తో కట్టాలంటే ఇదే ఏడు. లేకపోతే ఇంకో మేస్త్రిని పిలిచి, కింద కుర్చీ వేసుకుని కూర్చుని చూడాలి. తాతకి అంతకన్నా బేడీలే మర్యాదగా తోచాయి.

"నెలాఖరు దాకా ఆగు అల్లుడూ," అన్నాడు. "ఆ ఇంటివాళ్ళకి ఇప్పుడే మాటివ్వకు."

"ఏం చేస్తారు మావయ్యా? పన్నెండో దరఖాస్తా?"

"ఈసారి కాగితం కాదు. నేనే వెళ్తాను."

అమ్మమ్మకి అర్థమైపోయింది. గరిటె గిన్నెలో పడేసింది. "ఏవయ్యా, ఈ వయసులో జైలు కూడు తింటావా?"

"నీ వంట నలభై ఏళ్ళు తిన్నవాణ్ణే. అదొక లెక్కా?"

ఆ పూట తాతకి పెరుగు పడలేదు.

మర్నాడు తాత ఇస్త్రీ చొక్కా వేసుకుని మునిసిపల్ ఆఫీసుకు వెళ్ళాడు. మెట్ల దగ్గర గుమస్తా ఎదురయ్యాడు. ముప్పై ఏళ్ళ పరిచయం. పదకొండు జవాబుల్లో ఎనిమిది ఆయన దస్తూరీయే.

"ఏం మేస్త్రీ, ఇంత పొద్దున్నే? చువ్వలకి పూత అయిందా?"

"నా చువ్వలకి అయింది. నీ రిజిస్టరుకే ఇంకా తుప్పు వదల్లేదు."

"ఆఫీసరమ్మ దగ్గరికా? కొత్తావిడ, చాలా గట్టిది. నా మాట విని కాగితం నాకిచ్చి పో."

"నీకిచ్చి ఇచ్చి నా చెయ్యి అరిగిపోయింది," అని తాత లోపలికి నడిచాడు.

ప్లానింగు ఆఫీసరు వచ్చి మూడు నెలలు. కూతురి కంటే చిన్నది. బల్ల మీద కాగితాలు నాలుగు దొంతర్లుగా పెట్టుకుని ఏదో రాసుకుంటోంది. కూర్చోమని కుర్చీ చూపించింది. తాత కూర్చోలేదు. కిటికీ వైపు చూస్తూ నిలబడిపోయాడు.

"ఏంటి చూస్తున్నారు?"

"ఈ కిటికీ గట్టు ఎవరు కట్టారోగానమ్మా, ఎడమకి వాలింది. వేలెడు తేడా ఉంది."

ఆవిడకి నవ్వొచ్చింది. బల్ల మీది పెన్సిలు తీసి గట్టు మీద పెట్టింది. పెన్సిలు ఒక్క క్షణం ఆలోచించి, ఎడమకి దొర్లుకుంటూ వెళ్ళి కింద పడింది. ఆవిడ పెన్సిలు తీసుకుని, రాస్తున్న కాగితం పక్కన పెట్టేసింది.

"చెప్పండి మేస్త్రిగారూ. ఏం పని మీద వచ్చారు?"

తాత చెప్పాడు. స్థలం తనది, ఇల్లు తనది, కట్టే చేతులు తనవి. కింద స్తంభాలు రెండంతస్తుల బరువు మోసేట్టు వేసినవి. వీధికి అటు పక్క మూడంతస్తులు కట్టుకోవచ్చు, ఇటు పక్క ఒక గది వెయ్యకూడదు, ఎందుకంటే లేని బురుజు మీద లేని మనిషి లేని దూదిని కాపలా కాయాలి.

"నియమాలు ఊరికే పెట్టరు కదండీ," అందావిడ. "ఎవరి ఇష్టం వచ్చినట్టు వాళ్ళు కడితే వీధుల్లోకి వెలుతురు కూడా రాదు."

"నియమాలు ఉండాలమ్మా. నేనూ సూటికోసం దారం కట్టకుండా గోడ లేపను. కానీ గోడ లేచాక దారం విప్పెయ్యాలి. విప్పకుండా వదిలేస్తే వచ్చేపోయేవాళ్ళు కాళ్ళకి తగులుకుని పడతారు. ముప్పై ఏళ్ళ నుంచి మా వరసంతా ఆ దారానికే తగులుకుని పడుతోంది."

ఆవిడ గుమస్తాని పిలిచి రిజిస్టరు తెప్పించింది. అది పరుపంత ఉంది. గుమస్తా అలవాటుగా చివరి పేజీ తెరిచి వేలు పెట్టాడు. "చూడండి మేడం. 'కాపలా బురుజు పటిష్టముగా నున్నది. సున్నము వేయించవలెను.' పోయిన ఏడాది తనిఖీ."

"తనిఖీకి ఎవరు వెళ్ళారు?"

గుమస్తా పైకీ కిందికీ చూశాడు. "అంటే... ముందు ఏడాది ఎలా ఉందో..."

ఆవిడ పేజీలు వెనక్కి తిప్పింది. ప్రతి ఏడాదీ బురుజు పటిష్టంగా ఉంది. ప్రతి ఏడాదీ సున్నం వేయించవలెను. నలభై రెండేళ్ళ పాటు, మారుతున్న దస్తూరీల్లో, ఒక్క అక్షరం కూడా అలిసిపోలేదు. మోటారు సైకిళ్ళ స్టాండుకి అద్దె వసూలు చేసేది కూడా ఆ ఆఫీసే.

"బురుజు లేదని నాకూ కనబడుతోంది," అందావిడ. "కానీ కనబడలేదు అని రిజిస్టరులో రాయలేను. పడగొట్టిన ఫైలు కావాలి, లేదా సాక్ష్యం కావాలి. పాత ఆఫీసు నుంచి మారినప్పుడు ఆ ఫైళ్ళు పోయాయట. పడగొట్టింది ఎవరో తెలిస్తే..."

"నేనేనమ్మా," అన్నాడు తాత.

గుమస్తా ఒక అడుగు వెనక్కి వేశాడు.

"మీరా?"

"నేనూ, ఇంకో ఐదుగురు, నలభై రెండేళ్ళ కిందట. వాళ్ళెవరూ ఇప్పుడు లేరు. పదిహేడు రోజులు పట్టింది. పైన గంట కట్టిన దూలం దించేటప్పుడు నా చిటికెన వేలు నలిగింది." ఎడమచేతి వంకర వేలు బల్ల మీద పెట్టాడు.

"వేలుని రిజిస్టరుకి జత చేయలేం కదండీ," అందావిడ. అంటూనే రిజిస్టరు మొదటి పేజీలకి వెళ్ళింది. అక్కడిదాకా ఆ ఆఫీసులో ఎవరి వేలూ వెళ్ళినట్టు లేదు. కాగితాలు ఒకదానికొకటి అంటుకుని ఉన్నాయి. ఒక చోట ఆగి, రెండు పేరాలు మెల్లగా చదువుకుని, పుస్తకాన్ని తనవైపు లాక్కుని, తాతకి కనబడకుండా చెయ్యి అడ్డం పెట్టింది. "మేస్త్రిగారూ, ఆ ఇటుకల మీద ఏమైనా గుర్తు ఉండేదా?"

"గంట," అన్నాడు తాత ఆలోచించకుండా. "ఇటుక ఒక పక్కనుండే గుంటలో, బొటనవేలంత గంట బొమ్మ. అచ్చు సరిగా కుదరక, గంట నాలుక బయటికొచ్చి ఉంటుంది. వెక్కిరిస్తున్నట్టు."

ఆవిడ చెయ్యి తీసేసింది. పేజీలో గంట బొమ్మ ఉంది. నాలుక బయటికొచ్చి ఉంది.

"నలభై రెండేళ్ళ తర్వాత ఇంత గుర్తుందంటే..." అని ఆవిడ కళ్ళజోడు సర్దుకుంది. "ఆ ఇటుకలు ఎక్కడున్నాయి?"

అమ్మమ్మ ముప్పై ఏళ్ళుగా భయపడ్డ ప్రశ్న అదే.  తాత చొక్కా సవరించుకుని, "మా ఇంటి మెట్లలో," అన్నాడు.

రెండు రోజుల తర్వాత పొద్దున్న పదింటికి ఆఫీసరమ్మా, రిజిస్టరు చంకన పెట్టుకుని గుమస్తా వచ్చారు. వీధిలో తూర్పు పక్కవాళ్ళంతా పనులు మానుకుని పెరటి గోడల మీంచి తలలు పెట్టారు. కూతురు మిషన్లు ఆపింది. ఆ నిశ్శబ్దానికి అల్లుడు ఉలిక్కిపడి లేచి వచ్చాడు. అమ్మమ్మ మాత్రం మెట్ల దగ్గర నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడింది.

"అమ్మాయ్, మా ఆయన దొంగ కాదు," అంది, ఎవరూ ఏమీ అనకముందే. "తెలివి తక్కువ మనిషి, అంతే."

"అలాగేనండీ," అంది ఆఫీసరమ్మ.

తాత కింది మెట్టు దగ్గర గోనెపట్టా పరుచుకుని కూర్చున్నాడు. మోకాలు మడిచేటప్పుడు ఒక్కసారి పళ్ళు కొరికాడు. ఉలీ చిన్న సుత్తీ తీశాడు. మెట్టు పైన గచ్చుని నాలుగు దెబ్బల్లో వొలిచి, ఇటుక చుట్టూ సందులో ఉలి పెట్టి, పిల్లిని నిద్ర లేపుతున్నట్టు మెల్లమెల్లగా తట్టాడు. తెల్లని పొడి రాలింది. ఇటుక అంచు కూడా విరగకుండా, పెట్టెలోంచి సబ్బు బిళ్ళ తీసినట్టు చేతిలోకి వచ్చేసింది. తిరగేసి, అరచేత్తో తుడిచి, ఆవిడ చేతికిచ్చాడు.

గుంటలో గంట. నాలుక బయటికి.

గోడల మీది తలలు ఒక్కసారి గోల చేశాయి. ఆవిడ రిజిస్టరులో బొమ్మ పక్కన ఇటుకని పెట్టి చూసింది. తర్వాత మొదటి పేజీలో రాసిన నియమం అందరికీ వినబడేట్టు చదివింది. "'కాపలా బురుజు నిలిచియున్నంత కాలము తూర్పు వరుసలోని కట్టడములు పన్నెండు అడుగులు మించరాదు.' నిలిచి ఉన్నంత కాలం, అని మొదటే ఉంది. మీకొచ్చిన జవాబుల్లో ఆ ముక్క ఎప్పుడూ రాయలేదు. ఈ నియమాన్ని ఎవరూ కొట్టెయ్యక్కర్లేదు. బురుజుతో పాటే ఇదీ అయిపోయింది. నేను చెయ్యాల్సింది బురుజు లేదని రాయడం ఒక్కటే." మెట్టు మీదే కూర్చుని, మోకాళ్ళ మీద రిజిస్టరు పెట్టుకుని, రాసి సంతకం చేసింది. తూర్పు వరస మొత్తానికి అప్పుడు దారం తెగింది.

అల్లుడు తాత భుజం పట్టుకున్నాడు. ఏదో అనబోయాడుగానీ ఆవలింత వచ్చేసింది.

అప్పుడు గుమస్తా గొంతు సవరించుకున్నాడు. ఆ మనిషి చెడ్డవాడేం కాదు. కాకపోతే ఎనిమిది జవాబులు రాసిన చెయ్యి ఊరుకోదు. "మేడం, ఒక సందేహం. ఇవి మునిసిపాలిటీ ఇటుకలు. చీటీ లేకుండా ఇన్నేళ్ళు..."

 అమ్మమ్మ కళ్ళు మూసుకుంది. ఆఫీసరమ్మ ఇటుకని అటూ ఇటూ తిప్పి చూసింది.

తాత నవ్వాడు. "తీసుకుపోండి."

"ఏంటి?"

"మూడు వందల ఇరవై నాలుగు. ఒక్కటి కూడా పగల్లేదు. ఆ కాంట్రాక్టరు ఇచ్చినప్పుడే నాకు తెలుసు, ఇవి వాడివి కావని. కూలి లేదు గనక తెచ్చుకున్నాను. ఎప్పుడో ఒకరోజు ఎవరో ఒకరు అడుగుతారు అనుకున్నాను. అందుకే సిమెంటు పెట్టలేదు. సిమెంటు పెడితే ఇటుక చచ్చినా వదలదు, విరిగిపోతుంది. సున్నం అయితే అడగ్గానే ఇచ్చేస్తుంది."

అమ్మమ్మ కళ్ళు తెరిచింది. ఊరందరికీ సిమెంటు మెట్లు, మనకి మాత్రం బట్టలకి తెల్లగా అంటుకునే ఈ సున్నం మెట్లేమిటని ముప్పై ఏళ్ళు సాధించింది. ప్రతి వానాకాలం కరిగిన గచ్చు పూస్తున్న మొగుణ్ణి చూసి, పని తెలియని మేస్త్రి అని పక్కింటావిడతో కూడా చెప్పింది. ఇప్పుడు, "ఈ ముక్క నాకు చెప్తే నీ సొమ్మేం పోయేది?" అని మాత్రం అంది.

"నువ్వు అడగలేదుగా. తిట్టావు."

ఆఫీసరమ్మ నవ్వు ఆపుకుని గుమస్తా వైపు తిరిగింది. "రాసుకోండి. ఇటుకలు భద్రంగా ఉన్నాయి, తిరిగి అప్పగించారు. వాటిని తీసుకెళ్ళే బాధ్యత మీది."

వారం రోజుల్లో ప్లాను మీద ముద్ర పడింది. తాత దాన్ని పనమ్మాయితో సహా ఇంట్లో అందరికీ రెండేసి సార్లు చూపించాడు. అల్లుడు ఊరి అవతలి ఇంటివాళ్ళకి రావట్లేదని కబురు పెట్టాడు. ఆ సాయంత్రమే తాత ఉలి పట్టుకుని కూర్చుని, మూడు రోజుల్లో పద్దెనిమిది మెట్లూ ఊడదీసి, ఇటుకలు కడిగి, దొంతర పెట్టి అప్పజెప్పాడు.

అప్పుడు గానీ ఎవరికీ తట్టలేదు. మేడ కట్టుకోవడానికి అనుమతి ఉంది, మేడ మీదికి ఎక్కడానికి మెట్లు లేవు. మెట్ల కింద ఉన్న ఏటవాలు స్లాబు మాత్రం నున్నగా మిగిలింది. మనవలు ఇద్దరూ నిచ్చెన మీంచి కప్పెక్కి, దాని మీద జర్రున జారి అమ్మమ్మ బట్టల బకెట్లో పడడం మొదలుపెట్టారు. రెండో రోజు అల్లుడు కూడా ఒకసారి జారాడు. నిద్ర కరువు కాకముందు ఆ మనిషి ఎంత సరదాగా ఉండేవాడో అప్పుడే అందరికీ గుర్తొచ్చింది.

"ఎంత గొప్ప మేస్త్రివయ్యా," అంది అమ్మమ్మ, తడిబట్టలు చేత్తో పట్టుకుని కింద నిలబడి. "పైకి వెళ్ళే దారి ఊడబెరికి మేడ కడతావా?"

"మెట్లు నాకొక లెక్కటే? ఆదివారానికి ఎక్కుదువుగాని."

ఆదివారానికి కాదు, బుధవారానికి ఎక్కింది. తాత చెప్పిన రోజుకి మూడు రోజులు కలుపుకోవాలని ఆ ఇంట్లో పిల్లలకి కూడా తెలుసు. ఈసారి మెట్లు సిమెంటుతో కట్టాడు. ఇవి ఎవరూ అడగరు కాబట్టి.

తర్వాత ముప్పై ఆరు చువ్వలకీ ఒక్కోదానికి పూత గీకాడు. లోపల ఇనుము నల్లగా, కొత్తదానిలా మెరిసింది. ఒక్కదానికి కూడా తుప్పు లేదు. ఆ రోజు తాత టీ తాగడం మర్చిపోయి, ఎదురింటి మూడో అంతస్తువాళ్ళని కూడా పిలిచి చూపించాడు. వాటికి కొత్త చువ్వలు కట్టి స్తంభాలు పోశాడు. పరంజా మీద ప్రతి ఇటుకా తనే పెట్టాడు. సాయానికి వచ్చిన ఇద్దరు కూలీలు అందివ్వడం వరకే. మోకాళ్ళు నొప్పి పుట్టినప్పుడు దిగేవాడు కాదు, అక్కడే గోడ మీద కూర్చుని, కింద వీధిలో పోయేవాళ్ళని పలకరించేవాడు. అటు పక్కా ఇటు పక్కా కూడా చువ్వల మొలకలు లేస్తున్నాయి. తూర్పు వరసలో నలుగురు అప్పుడే దరఖాస్తు పెట్టేశారు. వాళ్ళలో ఇద్దరు అనుమతి రాకముందే స్తంభాలు మొదలుపెట్టారు. తాత వాళ్ళని పిలిచి గట్టిగా కోప్పడ్డాడు. ఆయన మొహం చూసి వాళ్ళు కూడా నవ్వు ఆపుకున్నారు.

మునిసిపల్ ఆఫీసులో ఇటుకలు ఎక్కడ పెట్టాలో తెలియక నెల రోజులు వరండాలోనే పేర్చి ఉంచారు. వచ్చినవాళ్ళందరూ వాటి మీద కూర్చోవడం మొదలుపెట్టారు. చివరికి ఆఫీసరమ్మ తాతకి కబురు పెట్టి, వాటితోనే గోడ వారగా ఒక అరుగు కట్టించింది. దాన్ని కూడా తాత సున్నంతోనే కట్టాడు. ఎందుకని గుమస్తా అడిగితే, "మీ ఆఫీసు కదా. ఎప్పుడు ఏం అడుగుతారో," అన్నాడు. పనిలో పనిగా ఆ కిటికీ గట్టు కూడా సరిచేసి వచ్చాడు. పెన్సిలు ఇప్పుడు పెట్టినచోటే ఉంటోందట.

వానలకు ముందే పై గది పూర్తయింది. ఒక మంచం, రెండు కిటికీలు, మందపాటి గోడలు. అల్లుడు మొదటి రోజు పొద్దున్న ఏడింటికి పడుకుని సాయంత్రం నాలుగింటికి లేచాడు. కింద మిషన్లు రెండూ తిరుగుతూనే ఉన్నాయి. లేచి, "ఇవాళ మిషన్లు ఆపేశారా?" అని అడిగాడు. కూతురు మూడో మిషను కొనాలని అప్పుడే నిర్ణయించుకుంది.

ఆ సాయంత్రం అమ్మమ్మ కొత్త మెట్లెక్కి వచ్చి, కిటికీ దగ్గర కుర్చీ వేసుకుంది. వీధి మొదలు నుంచి చివర దాకా కనబడుతోంది. చివర మోటారు సైకిళ్ళ స్టాండు, తూర్పు కిటికీలోంచి పాత గోదాముల కప్పులు. ఎవరింట్లో దీపం వెలిగింది, ఎవరి పిల్ల ఎవరి సైకిలెక్కింది, పక్కింటావిడ ఎవరితో ఏం మాట్లాడుతోంది, అన్నీ.

"ఏవయ్యా," అంది. "ఇంతకీ మన గది ఆ చూపుకి అడ్డమే కదా. గోదాముల దగ్గర పొగ లేస్తే ఎవరు చూస్తారు?"

తాత చెవి మీది పెన్సిలు తీసి కిటికీ గట్టు మీద పెట్టి, అది ఎటూ దొర్లకపోవడం చూసి తృప్తిగా తల పంకించాడు.

"నువ్వున్నావుగా," అన్నాడు. "గంట ఒక్కటే లేదు. నీకు దాని అవసరం కూడా లేదు."

అమ్మమ్మ ఏదో అనబోయి, అప్పుడే కింద ఏడో ఇంటివాళ్ళ గేటు చప్పుడైతే అటు వంగి చూసింది.